పదకొండు ఇళ్ళకు ఒక్క నంబరు

మా పల్లెలో పదకొండు ఇళ్ళ బ్యాంకు మెసేజీలు నా ఫోనుకే వస్తాయి. ఎవరికి పింఛను పడినా, ఎవరి ఖాతాలోంచి వంద రూపాయలు పోయినా ముందు తెలిసేది నాకే. ఇదేదో గొప్పని చెప్పడం లేదు. ఖర్మ అని చెబుతున్నాను.

వాకాడు బ్యాంకులో మా వాళ్ళందరికీ ఖాతాలు తెరిచిన ఏడు, ఫారంలో ఫోను నంబరు రాయమని ఒక గడి ఉండింది. అప్పట్లో మా పల్లె ఆడవాళ్ళలో చేతిలో ఫోనున్నదాన్ని, ఇంటర్ దాకా చదివి ఇంగ్లీషు ముక్క కూడబలుక్కోగలిగినదాన్ని నేనొక్కదాన్నే. అంగన్‌వాడీ టీచర్ని. "అక్క నంబరు రాసుకోండి సార్" అన్నారు వరసబెట్టి అందరూ. తర్వాత ఇంటింటికీ ఫోన్లు వచ్చాయి. నంబర్లు మార్పించుకోండర్రా అని నేను మొత్తుకుంటూనే ఉన్నాను. మార్చాలంటే వాకాడు పోవాలి, ఆధార్ కార్డు పట్టుకుని వరసలో నిలబడాలి, ఒక పూట వేట పోతుంది. "నీ కాడ ఉంటే మా కాడ ఉన్నట్టే గదక్కా" అనేవాళ్ళు. పైకి విసుక్కునేదాన్ని గానీ, ఆ మాటకు లోపల పొంగిపోయేదాన్ని. ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గేస్తోంది.

వాళ్ళందరి చేతా బీమా ఫారాల మీద సంతకాలు పెట్టించింది కూడా నేనే. ఏడాదికోసారి ఖాతాలోంచి నాలుగు వందల చిల్లర కోసుకుంటారు. మనిషి పోతే, ఎట్లా పోయినా సరే, ఇంటివాళ్ళకు రెండు లక్షలిస్తారు. చిక్కంతా ఆ కోత పడే రోజుతోనే. మే నెలాఖరు. సముద్రం మీద వేట బందయ్యే నెలలవి. పడవలన్నీ ఒడ్డునే ఉంటాయి, ఎవరింట్లోనూ పైసా ఆడదు. ప్రభుత్వం ఇచ్చే నిషేధ భృతి ఎప్పుడు పడుతుందో దేవుడికే తెలియాలి. అందుకని నేనొక కట్టడి పెట్టాను. ఏం కొంపలంటుకున్నా సరే, ఖాతాలో ఐదు వందలు మాత్రం ముట్టుకోకూడదు. మా వాళ్ళు దానికి అక్క డబ్బు అని పేరు పెట్టారు. తాగి పడిపోయేవాడు కూడా అక్క డబ్బు జోలికి పోయేవాడు కాదు, నా నోటికి జడిసి.

మా వెనక ఇంటి అబ్బాయి అయితే అసలు ముట్టుకోడు. ఫైబర్ పడవలో నాలుగో వాటా ఉండేది అతనికి. పెళ్ళాం, ఇద్దరు ఆడపిల్లలు. పిల్లలిద్దరూ నా దగ్గర పలక పట్టినవాళ్ళే. అతనికి ముప్పై ఐదు కూడా ఉండవు. నన్ను తోబుట్టువు కన్నా ఎక్కువగా చూసుకునేవాడు, చేప తక్కువ పడిన రోజున కూడా నా గిన్నెలో నాలుగు చేపలు వేయకుండా పోయేవాడు కాదు.

పోయిన ఏడు వేట బందయిన వారానికి, ఒక మధ్యాహ్నం, మా ఇంటిని ఆనుకునే ఉన్న అంగన్‌వాడీ కేంద్రంలో పిల్లలకు అన్నం పెడుతున్నాను. గోడ అవతల నుంచి అతని గొంతు వినిపించింది.

"అక్కా, నీ ఫోనుకు నంబరొకటి వచ్చి ఉంటాది, రవ్వంత చెప్పు."

"దేనికిరా?"

"ఏం లేదక్కా, ఒక్క రూపాయి పోతాది, అంతే. కార్డు నంబరు కొట్టినా. బిన్నా చెప్పక్కా, టైమైపోతాది."

ఒక చేతిలో గరిటె. చుట్టూ పిల్లలు గుడ్డు కోసం కంచాలు కొడుతున్నారు. "మీ అందరికీ నేను జీతం లేని గుమాస్తానిరా" అని తిడుతూనే ఫోను తీసి ఆరంకెలు గట్టిగా చదివాను. అవతల నుంచి "వచ్చేసిందక్కా!" అని కేక. అంతే, మళ్ళీ గరిటె పట్టుకున్నాను.

ఆ ఆరంకెల కింద ఇంకో రెండు లైన్లు ఉన్నాయి. ఇంగ్లీషులో ఉన్నాయి. చదవలేదు.

నెల తిరిగాక అతని ఖాతాలోంచి రెండు వందలు పోతాయని ఒక మెసేజీ, పోయాయని ఇంకో మెసేజీ వచ్చాయి. చూశాను. ఏదో కొనుక్కున్నాడులే అనుకున్నాను. జూన్ మొదట్లో పైవాళ్ళు ఒక్కో పిల్ల బరువూ ఎత్తూ ఫొటోతో సహా ఫోన్లో ఎక్కించమన్నారు. నా ఫోనేమో నిండిపోయి మొరాయించింది. విసుగెత్తి మెసేజీలన్నీ ఒక్క దెబ్బన తుడిచేశాను. అతని బీమాకు డబ్బు చాలలేదని బ్యాంకు పంపిన మెసేజీ అందులో ఉండే ఉంటుంది. ఉండే ఉంటుంది అనడం దేనికి, ఉంది. నేను చదవలేదు, అంతే. ఆ తర్వాత నెలల్లో వచ్చినవీ చదవలేదు.

అక్టోబరులో, వానలు మొదలైన కొత్తలో, ఒక పొద్దున, వేట నుంచి వచ్చి సవక చెట్ల తోపు నీడన కూర్చుని వలలోంచి పీతలు తీస్తున్నాడట. గుండెలో మంటగా ఉంది, కాసిని మంచినీళ్ళు ఇవ్వమని పక్కవాణ్ణి అడిగాడట. ఆటోలో గూడూరు తీసుకుపోతుంటే దారిలోనే ప్రాణం పోయింది. నేను కేంద్రానికి తాళం వేసి పరుగెత్తేసరికి ఆటో వెనక్కి వచ్చేసింది. ఆ పిల్ల, అంటే అతని పెళ్ళాం, ఆటో దిగకుండా అతని కాళ్ళు పట్టుకుని అట్లాగే కూర్చుంది. మేము నలుగురం కలిసి దించాల్సి వచ్చింది.

పెద్దకర్మ నాడు వాళ్ళ వాకిట్లో విస్తళ్ళు వేస్తుంటే నా ఫోను మోగింది. చూద్దును గదా, అతని ఖాతాలోంచి రెండు వందలు పోయాయని మెసేజీ. చచ్చిపోయిన మనిషి ఖాతాలోంచి డబ్బు తీస్తున్న దొంగముండాకొడుకెవడు? అప్పటికి నా కోపమంతా ఆ దొంగ మీదే. మర్నాడే ఆ పిల్లను వెంటబెట్టుకుని వాకాడు పోయాను. బీమా కాగితాలు ఇవ్వడం, ఈ దొంగను పట్టుకోవడం, రెండు పనులూ ఒకేసారి అవుతాయి అనుకున్నాను.

దారి పొడుగునా ఆ పిల్ల రెండు లక్షల మాటే మాట్లాడింది. ఆశతో కాదు, భయంతో. పడవలో వాటా కోసం తోటి వాటాదారులకు పడిన బాకీ ఇంకా సగం ఉంది. అది కట్టేస్తే వాటా తనకు నిలుస్తుంది. తనకు పడవెక్కే పని లేదు, వాటా మీద వచ్చే చేపలు అమ్ముకుని పిల్లలిద్దర్నీ చదివించుకుంటుంది. కట్టలేకపోతే మిగతా ముగ్గురూ వాటా లాగేసుకుంటారు. "రొయ్యల కంపెనీకి మాత్రం పోనక్కా, ఆ అయిసులో చేతులు పెట్టలేను" అంది. వాళ్ళమ్మ పదేళ్ళు అక్కడ రొయ్యల తలకాయలు ఒలిచి, వేళ్ళు వంకర పోయి ఇంటికొచ్చింది.

బ్యాంకులో గుమాస్తా మంచివాడే. కాగితాలు తీసుకుని కంప్యూటర్లో చూసి, మళ్ళీ చూసి, "ఈయన బీమా లేదమ్మా" అన్నాడు.

"ఎట్టా లేదు సార్? నేనే గదా రాయించినా. ఏటేటా కోస్తానే ఉండారు."

"మే నెలాఖర్లో బ్యాలెన్సు చాల్లేదు. రెన్యువల్ కాలేదు."

"ఐదు వందలు ఉండాయి సార్ అందులో!" అని అరిచాను. వరసలో ఉన్నవాళ్ళంతా తిరిగి చూశారు. ఆయన ఏప్రిల్ నుంచి స్టేట్‌మెంటు తీసి నా చేతిలో పెట్టాడు.

వేలు పెట్టి ఒక్కో లైనే చదివాను. ఏప్రిల్లో ఒక్క రూపాయి. మే నడుమ రెండు వందలు. మిగిలింది మూడు వందలకు ఒక్క రూపాయి తక్కువ. ఆ కింద జూన్, జూలై, అట్లా చనిపోయిన నెల దాకా ప్రతి నెలా అదే రెండు వందలు, ఎదురుగా నోరు తిరగని అదే ఇంగ్లీషు కంపెనీ పేరు. ఇదేంది సార్ అంటే, "ఫోన్లో సినిమాలు చూసేదేదో పెట్టుకున్నట్టున్నాడమ్మా. మొదటి నెల ఒక్క రూపాయి అంటారు. తర్వాత వద్దని చెప్పేదాకా కోస్తానే ఉంటారు. మొదట్లో ఓటీపీ చెప్తేనే అవుతుంది, ఎవరో చెప్పుంటారు" అన్నాడు.

ఎవరో కాదు. నేనే. గరిటె పట్టుకుని, ఊరంతా వినేట్టు చెప్పాను.

ఆ పిల్ల బెంచీ మీంచి లేచి వచ్చి, "ఏమంటాడక్కా?" అంది. నేను "ఇంకా ఏదో కాగితం కావాలంట" అన్నాను. బతుకులో అంత నీచమైన అబద్ధం ఇంకోటి ఆడలేదు. మూడు రోజులు ఆ అబద్ధం మీదే ఉన్నాను. నాలుగో రోజు పొద్దున్నే వాళ్ళింటికి పోయి, ఆమె ఎసట్లో బియ్యం పోస్తుంటే, స్టేట్‌మెంటు నేల మీద పరిచి, ఒక్క ముక్క దాచకుండా చెప్పేశాను. రూపాయి సంగతి, నంబరు సంగతి, తుడిచేసిన మెసేజీల సంగతి.

తిడుతుందనుకున్నాను. చీపురు తిరగేసినా పడదామనే పోయాను. ఆమె మాత్రం కట్టె పొయ్యిలోకి ఎగదోసి, "నువ్వు చదివుంటే చెప్పేదానివి గదక్కా" అంది.

"ఊ" అన్నాను.

మర్నాడు తనే అతని ఫోను పట్టుకుని కేంద్రానికి వచ్చింది. "ఆ కోసేది ఆపెయ్యక్కా" అంది. ఆ సినిమాల యాప్ తెరిస్తే తెలుగులోనే మాట్లాడుతోంది, పండగలాంటి బొమ్మలతో. చేరమనేటప్పుడు తెలుగు, డబ్బు కోసేటప్పుడు ఇంగ్లీషు. ఎంత తెలివి చూడండి! ఎక్కడెక్కడో వెదికితే, వాళ్ళు చూసిన సినిమాల జాబితా కనబడింది. ఆరు నెలల్లో ఒక్కటే సినిమా.

"అది నేనడిగిందే అక్కా" అంది ఆ పిల్ల. "పెళ్ళయిన కాడి నుంచి నెల్లూరు పోయి సినిమా చూద్దామని పోరతా ఉండా. వేట బందు గదా, డబ్బులేడ ఉండాయి అన్నాడు. ఆ రోజేమో, ఒక్క రూపాయికే వస్తాది చూడమ్మే అని ఫోన్లో పెట్టినాడు. పొద్దుగూకే యాళకి పిలకాయలూ మేమూ మంచం మీద కూర్చోని చూసినాం. చిన్నది ఆయన ఒళ్ళోనే నిద్రపోయింది. మళ్ళీ ఎప్పుడూ చూళ్ళేదు. వేట మొదలైపోయింది గదా."

నేను అదీ ఇదీ నొక్కుతూ పోతే చివరికి, ఎందుకు మానేస్తున్నారో చెప్పండి అని అడిగింది ఆ యాప్. ధర ఎక్కువగా ఉంది, నచ్చిన సినిమాలు లేవు, ప్రస్తుతం చూడటం లేదు. వీటిలో ఒకటి నొక్కితే గానీ ముందుకు పోనివ్వదు. ఈసారి అన్నీ చదివాను. ప్రస్తుతం చూడటం లేదు అన్నదాని మీద నొక్కాను. మీరు వెళ్తున్నందుకు బాధగా ఉంది అని వచ్చింది. ఫోను నేలకేసి కొడదామన్నంత కసి పుట్టింది గానీ, అది అతని ఫోను.

వాటా పోయింది. సంక్రాంతి కూడా రాకముందే ముగ్గురూ కూర్చుని బాకీకి చెల్లు కట్టేసుకున్నారు. నా జీతంలో నెలకింత ఇస్తానన్నాను, ఆమె తీసుకోలేదు. తెల్లారక ముందే రొయ్యల కంపెనీ బస్సు మా పల్లె మలుపులో ఆగుతుంది. ఇప్పుడు అందులో ఆమె పోతోంది. సాయంత్రం పిల్లల్ని నా దగ్గర నుంచి తీసుకెళ్ళేటప్పుడు చూస్తుంటాను, వేళ్ళ చివర్లు తెల్లగా నానిపోయి ఉంటాయి.

కంపెనీ వాళ్ళు జీతం బ్యాంకులోనే వేస్తామన్నారు. ఖాతా తెరవడానికి నన్ను తోడు రమ్మంది. అదే బ్యాంకు, అదే గుమాస్తా. ఫారం నింపుతూ నంబరు దగ్గరికి వచ్చి, అలవాటుగా నా వైపు చూశాడు. నేను నోరు తెరిచాను.

"నా నంబరు రాసుకోండి సార్" అంది ఆ పిల్ల. అది అతని ఫోను నంబరే, ఇప్పుడు ఆమెది. పది అంకెలూ ఒక్కోటీ తడుముకుంటూ చెప్పింది. చదువు రాదు. ఎన్నాళ్ళు బట్టీ పట్టిందో.

కాసేపటికి ఆమె ఫోను టింగుమంది. బ్యాంకు మెసేజీ. అటూ ఇటూ చూసి, తెచ్చి నా ముందు పెట్టింది.

"చదువక్కా. అంకెలే గాదు, కింద ఉండేదంతా చదువు."

మా వెనక వరసలో జనం విసుక్కుంటున్నారు. నేను కళ్ళద్దాలు తుడుచుకుని మొదటి నుంచి చదవడం మొదలుపెట్టాను. ఒక్కో మాటా ఇంగ్లీషులో చదివి, దాని అర్థం తెలుగులో చెప్పాను. అయిపోయిందా అని అడిగింది. ఇంకొక్క లైనుందని చెప్పి, అది కూడా చదివాను.