చాచా చెప్పిన పేరు

మంగళవారం పొద్దున్న అమ్మ ఫోన్ చేసి, "భయ్యా ఎల్లిపోయాడే" అంది. సెక్టర్ 7లో మా పక్క క్వార్టర్ చాచా గురించి ఆ మాట. నేను ఉండే స్మృతి నగర్ నుంచి వెళ్లేసరికే వాకిలి నిండా చెప్పులు.

చాచా, మా నాన్న ఇద్దరూ ఉక్కు కర్మాగారంలో ఒకే ఫర్నెస్ దగ్గర పనిచేశారు. తెలుగు నాన్న దగ్గరే నేర్చుకున్నారు కాబట్టి దుర్గ్‌లో పుట్టిన చాచాకి శ్రీకాకుళం యాస వచ్చింది. రోజూ బిస్మిల్లా అని స్కూటర్ కిక్ కొట్టేవారు. అది కదిలేది కాదు. "పేరు నోట్లో ఉండాల, స్పానర్ చేతిలో ఉండాల" అంటూ డిక్కీ తెరిచేవారు.

ఒకసారి అమ్మ అడిగేసింది. "మీ దేవుడికి రూపం నేదంటారు. కళ్లు మూసుకుంటే ఏటి కనబడతాది భయ్యా?"

"ఫర్నెస్‌లోకి ఉత్త కళ్లతో చూస్తామా బెహన్? నీలి అద్దం అడ్డం పెట్టుకుంటాం. ఆయన పేర్లూ అలాటివే. దయ గలవాడంటే ఒక అద్దం, న్యాయం చేసేవాడంటే ఇంకోటి. లోపల ఉన్నవాడు మాత్రం ఏక్ హీ, ఒక్కడే."

నాన్నకు జబ్బు చేసినప్పుడు అమ్మ ఆ పేర్లలో ఒకటి చెప్పమంది. పనికో స్తోత్రం ఉన్న ఇల్లు మాది. చాచా తటపటాయించి, "యా షాఫీ" అన్నారు. స్వస్థత ఇచ్చేవాడా అని అర్థం. అమ్మ తులసిమాల తిప్పుతూ నెలల తరబడి ఆ పేరే జపించింది. నాన్న దక్కలేదు.

పరామర్శకు వచ్చిన చాచాను అమ్మ గుమ్మంలోనే ఆపేసింది. "అన్నాళ్లు పిలిచాను గదా. మీ దేవుడికి చెవుడా భయ్యా?"

నాకు తల కొట్టేసినట్టయింది. చాచా గుమ్మం అవతలే నిలబడి అన్నారు, "గల్తీ నాదే బెహన్. పేరుని మందుచీటీలా రాసిచ్చేసినాను. అది పిలవడానికి. కొక్కెం తగిలించి ఆయన్ని లాగడానికి కాదు." అంతా దైవేచ్ఛ అని తప్పించుకోవచ్చు. తప్పించుకోలేదు. ఆ మనిషంటే నాకు గౌరవం పెరిగింది ఆ రోజే.

ఏడాదిపాటు గోడ మీదుగా ఆయన నమస్తే చెప్పడం, అమ్మ తల తిప్పుకోవడం. చివరికి ఒకరోజు అమ్మే, "ఆ స్కూటర్ అమ్మేయండి భయ్యా, పైవోడికైనా విసుగొస్తాది" అంది. చాచా పగలబడి నవ్వారు. మాటలైతే కలిశాయి గానీ, ఇంట్లో దీపం మళ్లీ వెలగలేదు. ఆయన దేవుడికైనా, మా దేవుడికైనా అమ్మ మొక్కడం మానేసింది. తన వల్లే ఒక మనిషి ప్రార్థన పోయిందని చాచా నా దగ్గర ఎన్నిసార్లు బాధపడ్డారో.

చావు జరిగిన ఇంట్లో మూడు రోజులు పొయ్యి వెలిగించరు. చాచా పోయిన మూడో రోజు అమ్మ అన్నం, పప్పు వాళ్లింటికి పట్టుకెళ్లింది. వెనకే నేనూ వెళ్లాను. చాచా భార్య, చాచీ, చాప మీద కూర్చుని ఉన్నారు. కళ్లలో తడి లేదు.

"ఏ పేరూ నోట్లోకి రావట్లేదు బెహన్. ఏమని పిలవను ఆ పైవాణ్ని?"

అమ్మ ఏమంటుందోనని బెదిరిపోయాను. అమ్మ పక్కనే కూలబడి ముద్ద కలిపింది.

"రాకపోతే రాకపోనీ. ఊరికే ఏడ్చేయ్ భాభీ. ఆయన ఇంటాడు."

చాచీ భోరుమన్నారు. అమ్మ ఎడమ చేత్తో ఆమె తల ఒళ్లోకి తీసుకుంది. కుడిచేతిలో ముద్ద చల్లారిపోతున్నా దించకుండా, ఆ ఏడుపు ఆగేదాకా అలాగే కూర్చుంది.