మాటల్లేని క్యాసెట్

నేను జీవితంలో ఒకే ఒక్క ఆల్బం చేశాను. అది స్మూత్ జాజ్ గిటార్ ఆల్బం. ఉద్దానంలో కొబ్బరీ జీడీ తప్ప ఇంకేదీ సరిగ్గా పండదని తెలిసే చేశాను కాబట్టి ఇందులో ఎవరినీ తప్పుపట్టడానికి లేదు.

అప్పట్లో పలాసలో ఒక జీడిపప్పు ఫ్యాక్టరీలో గుమాస్తాని. పెళ్లిళ్ల రోజుల్లో టెక్కలి ఆర్కెస్ట్రాలో గిటార్ వాయించేవాణ్ని. ఆర్కెస్ట్రాలో గిటారిస్టుకి పెద్ద పనేమీ ఉండదు. గాయకుడు ఊపిరి పీల్చుకునే సందులో నాలుగు తీగలు మీటి ఊరుకోవాలి. అలాంటి రోజుల్లో విశాఖపట్నం ఫుట్‌పాత్ మీద ఒక విదేశీ స్మూత్ జాజ్ క్యాసెట్ దొరికింది. అందులో అసలు గాయకుడే లేడు. మొదటి నుంచి చివరిదాకా గిటారే మాట్లాడుతుంది, అదీ భోంచేసి అరుగు మీద చేరబడ్డ మనిషిలా, ఏ తొందరా లేకుండా. మూడేళ్లు అదే విన్నాను. తర్వాత అలాంటి బాణీలే సొంతంగా ఎనిమిది కట్టాను.

రికార్డింగు టెక్కలిలో జరిగింది. స్టూడియో ఒక మేడ మీది గది. గోడలకి కోడిగుడ్ల అట్టలు అంటించి ఉండేవి. ఎలక్షన్ పాటలు, భక్తి పాటలు, ఆటోలో తిరుగుతూ వినిపించే చీరల షాపు ప్రకటనలు అక్కడే తయారయ్యేవి. స్టూడియో ఆయన నా ఎనిమిదీ ఓపిగ్గా రికార్డు చేసి, చివర్లో అడిగాడు.

"బాగుంది గానీ, పాడీవోడు ఎప్పుడొత్తాడు?"

"ఎవరూ రారు. ఇంతే."

ఆయన నా వైపు జాలిగా చూశాడు. "సరే, గొంతుకి జాగా వదిలీసి మిక్సింగు సేత్తాను. రేపు ఎవుడైనా దొరికితే ఎట్టుకుందుము."

వంద క్యాసెట్లు వేయించాను. స్టూడియో ఆయన మంచివాడు, మాట ప్రకారం జాగా వదిలాడు. ఇప్పటికీ ఆ ఆల్బంలో ఎవరో రావాల్సి ఉన్నట్టే వినిపిస్తుంది.

ఎవరు అడిగినా కళ కోసం చేశానని చెప్పేవాణ్ని. నిజం వేరు. మా నాన్న ఒక్కసారి, ఒక్క ట్రాకు చివరిదాకా కూర్చుని వింటే చాలు నాకు. పూండి దగ్గర మా ఊళ్లో మాకు కొంచెం జీడితోట, ఇరవై కొబ్బరిచెట్లు ఉండేవి. ఆ చెట్ల ముందు గంటల తరబడి నిలబడగల మనిషి, నేను గిటార్ తీస్తే మాత్రం గేదె గుర్తొచ్చి లేచిపోయేవాడు. మా గేదెని అమ్మేశాక కూడా ఆయనకి గేదె గుర్తొచ్చేది.

క్యాసెట్లు వచ్చిన నెలకి పక్క ఊళ్లో మా అక్క కొత్త ఇంటి గృహప్రవేశం. మైకు సెట్టు మా మేనత్త కొడుకుది, నాకు బావ. నాన్న ఎలాగూ అక్కడే ఉంటాడు, మైకు నుంచి లేచిపోయే దారి ఉండదు అని లెక్కేసి, ముందుగా నా క్యాసెట్ వెయ్యమన్నాను. బావ కొబ్బరిచెట్టుకి రెండు మైకు గొట్టాలు కట్టి తెల్లవారేసరికి మొదలెట్టాడు.

నేను మరిచిపోయిన సంగతి ఒకటుంది. ఢిల్లీలో పెద్ద నాయకుడెవరైనా పోతే రేడియోలో పాటలు ఆపేసి, రోజుల తరబడి మాటల్లేని వాయిద్యం ఒక్కటే వినిపించేవారు. పెళ్లి సన్నాయిని వదిలేస్తే, అది తప్ప మా వాళ్లు మాటల్లేని సంగీతం ఇంకెప్పుడూ విన్నవాళ్లు కారు.

ఏడు గంటలకల్లా కిళ్లీ కొట్టు సగం మూసేశారు. ఎద్దు ఈనిందంటే దూడని కట్టెయ్యమన్నట్టు, బడి మాస్టారు పోయిందెవరో కనుక్కోకుండానే పిల్లలకి సెలవిచ్చేశారు. పిలుపులందుకున్న వాళ్లు కానుకగా కొన్న స్టీలు బిందెలు ఇంట్లోనే వదిలి, ఉత్త చేతులతో తలలు వంచుకుని వచ్చారు. ఒక ముసలమ్మ పట్టుచీరలో ఉన్న మా అక్కని కౌగిలించుకుని "ఎంత పనైపోనాదే తల్లీ!" అని ఏడ్చింది. గుమ్మానికి మామిడి తోరణాలు చూశాక కూడా వెంటనే ఆపలేకపోయింది.

"ఎవులు పోనారు?" అని మైకు దగ్గర పదిమంది అడిగారు. బావ నన్ను చూపించాడు.

నాన్న నడిచి వచ్చి తన చేత్తోనే టేపు ఆపాడు. అప్పటికి క్యాసెట్ రెండోసారి తిరుగుతోంది, ఒక్క ట్రాకూ ఆయన కూర్చుని వినలేదు.

"ఊరందరిదీ ఓ దారి, ఉలిపికట్టెది ఓ దారి. పాడీవోడు లేని పాటేట్రా?" అన్నాడు.

అంతటితో నా కళాసేవ ముగిసిందనుకున్నాను. రెండు వారాలకి బావ సైకిలేసుకుని పలాస వచ్చాడు.

"బావా, మొన్నటి కేసెట్టు ఉందేటి? మా ఈదిలో ముసిలాయన పోనాడు. ఆళ్లు అదే గావాలంటన్నారు."

కోపంతో ఇవ్వనన్నాను. బావ బతిమాలలేదు. "పెళ్లిలో ఏత్తే ఎవుడింటాడు, బోజనాల గోలలో? ఈళ్లు కిక్కురుమనకుండా కూకుని ఇంటారు, సూడు" అన్నాడు. నేను వెళ్లి దూరంగా నిలబడి చూశాను. నిజంగానే విన్నారు. వంద మంది నేల మీద కూర్చుని, ఒక్క మాట లేకుండా, ఒక వైపంతా విన్నారు. ఆర్కెస్ట్రాలో పదేళ్లు వాయించినా నాకు అలాంటి శ్రోతలు దొరకలేదు. నాకు సంతోషం వేసింది. శవం ముందు సంతోషపడుతున్నందుకు సిగ్గేసింది. సిగ్గుపడుతూనే చివరిదాకా నిలబడ్డాను.

ఆ ఏళ్లలో ఉద్దానంలో కిడ్నీలు పాడై మనుషులు వరసగా పోతున్నారు. నీళ్లన్నారు, ఎండన్నారు, ఏదీ తేలలేదు. నా వంద క్యాసెట్లూ అయిపోయాయి. మైకు సెట్ల వాళ్లు ఒకరి దగ్గర ఒకరు కాపీ చేసుకుని సముద్రం ఒడ్డున డొంకూరు దాకా పట్టుకెళ్లారు. పలాస స్టేషన్‌లో ఒకావిడ నా చెయ్యి పట్టుకుని, "మా ఆయన ఎలిపోనప్పుడు నీ వాయింపే నాయినా, సల్లగా ఉండు" అంది. ఒక కళాకారుడికి ఏ సభలోనూ దొరకని సన్మానం అది. ఇంటికొచ్చి నాన్నకి చెప్పాను. గేదె గుర్తొచ్చినట్టుంది, లేచి వెళ్లిపోయాడు.

తర్వాత నాన్నకీ కాళ్లు వాచాయి. రక్తపరీక్ష కాగితం చూసి ఆయనే చదువుకున్నాడు. మా ఊళ్లో అక్షరం ముక్క రానివాళ్లకి కూడా ఆ కాగితంలో ఏ గీత దగ్గర ఏ అంకె చూడాలో తెలుసు. విశాఖపట్నం రెండుసార్లు తీసుకెళ్లాను. మూడోసారి రానన్నాడు.

ఒక మధ్యాహ్నం వరండాలో నవారు మంచం మీద పడుకుని నన్ను పిలిచాడు.

"ఆ కేసెట్టు తేరా."

"ఇంట్లో లేదు నాన్నా" అన్నాను. ఉంది. నాకు భయమేసింది. ఆ క్యాసెట్ మా ఇంట్లో మోగడం నాకు ఇష్టం లేదు.

"ఉంది. మీ అమ్మ బీరువాలో ఎట్టింది. నాను పోయినాక మీ బావ ఎలాగూ ఏత్తాడు. అప్పుడు నాకినబడదు కదేటి? ఇప్పుడెయ్యి."

బీరువా తీసి, క్యాసెట్ తెచ్చి టేపులో పెట్టాను. ఆయన కళ్లు మూసుకోలేదు. కొబ్బరిచెట్ల వైపు చూసినట్టే టేపు వైపు చూస్తూ పడుకున్నాడు. మొదటి ట్రాకు అయింది. లేవలేదు. రెండోది, మూడోది, నాలుగోది. నాకు ఏడుపొచ్చింది, ఏడ్చాను. ఆయన పట్టించుకోలేదు, వింటున్నాడు. టేపు టక్కుమని ఆగింది.

"అయిపోనాదేటి?" అన్నాడు.

"ఈ వైపు అయింది నాన్నా."

"మరి తిప్పవేట్రా?"