రాజీపత్రంలో నాలుగో పేరా

కోర్టు గేటు పక్క రేకుల షెడ్డులో ఇరవై ఆరేళ్లుగా అర్జీలు టైపు చేస్తున్న ఆ పెద్దమనిషికి ఒక కీర్తి ఉంది: ఆయన కాగితంలో తప్పు దొరకదు. కంప్యూటరు వచ్చాక పని మరీ తేలికైంది. పాత ఫైలు తెరవడం, పేర్లు మార్చడం, ప్రింటు తీయడం. ఆ విధంగా లోకంలోని కాపురాలన్నీ ఆయన దగ్గర పది పన్నెండు నమూనాల్లో ఒదిగిపోయాయి.

ఇంట్లోనూ ఆయన తప్పు చేయడు. చేసినా ఒప్పుకోడు. ఇరవై రెండేళ్లు భరించి, ఒకనాడు భార్య తమ్ముడింటికి వెళ్లిపోయింది. ఈయన ఉక్రోషంతో విడాకుల దావా వేశాడు. బెదిరి తిరిగొస్తుందని అంచనా. ఆవిడ రాలేదు గానీ, ఫ్యామిలీ కోర్టు ఆయన అడిగింది అడిగినట్టు ఇచ్చేసింది. తీర్పు కాపీ మూడుసార్లు చదివాక, గెలిచిన మనిషికి ఎవరైనా కాసిని మంచినీళ్లిస్తే బాగుండుననిపించింది.

ఆవిడ పై కోర్టుకు అప్పీలు వెళ్లింది. ఏడాది గడిచాక బావమరిది షెడ్డుకొచ్చాడు.

"బావా, అక్క కలిసే ఉందామంటోంది. రేపే వాయిదా. రాజీపత్రం మీరే కొట్టండి. ఇంకొకడు కొడితే అందులో మీరు వంద తప్పులు పడతారు."

ఆ సంతోషపు కంగారులోనే ఆయన ఒక పాత రాజీపత్రం ఫైలు తెరిచి, పేర్లు మార్చి, సంతకం గీకి, వృత్తిలో మొదటిసారి చదవకుండా కాగితం కవర్లో పెట్టి బావమరిదికిచ్చేశాడు.

మర్నాడు జడ్జిగారు పైకి చదివారు: "నాలుగో పేరా. విడాకుల డిక్రీకి ఉభయులూ సమ్మతించడమైనది. ఇకమీదట ఒకరి జీవితంలో ఒకరు ఏ విధంగానూ కలుగజేసుకోరాదు. అమ్మా, సంతకం మీదేనా?"

"నాదేనండి."

టైపిస్టుకు అప్పుడు తెలిసింది, తను ఏ ఫైలు తెరిచాడో. విడిపోయేవాళ్ల నమూనా!

"చదివే పెట్టారా?"

"రెండుసార్లు చదివానండి."

"చదివీ ఎలా పెట్టావే?" కోర్టన్న సంగతి మరిచి అరిచాడాయన.

ఆవిడ నెమ్మదిగా ఇటు తిరిగింది. "మీరు తప్పు కొట్టరు కదండీ. నా కబురుకు ఇదే మీ జవాబనుకున్నాను. తమ్ముడికి కూడా చూపించలేదు."

పక్కనుంచి ఆయన వకీలు గొణిగాడు: "కంప్యూటరు మీద తోసెయ్యవయ్యా!"

ఆయన జడ్జిగారి వైపు తిరిగాడు.

"కంప్యూటరుది కాదండి. తప్పు నాదే. ఈ కాగితమే కాదు, ఆ దావా వేయడమూ తప్పే. నాకు విడాకులు వద్దండి."

ఇలాంటి మాట ఆ నోటినుంచి వినడం ఆవిడకిదే మొదలు. జడ్జిగారు కొత్త కాగితానికి మధ్యాహ్నందాకా గడువిచ్చారు.

షెడ్డులో ఆవిడ స్టూలు లాక్కుని ఆయన పక్కన కూర్చుంది.

"పాత ఫైళ్ల జోలికి పోకండి. నేను చెప్తా, మీరు కొట్టండి. మొదటి పేరా: తప్పు తనదేనని భర్త ఒప్పుకోవడమైనది."

"అది కోర్టుకెందుకే?"

"కోర్టుకు కాదు, నాకు."

ఆయన కొత్త ఫైలు తెరిచి, కొట్టడం మొదలుపెట్టాడు.