కానిస్టేబుల్ డాబిన్ చావు

లండన్‌లో చేపల కొట్టుకు వెళ్లినా సిరిల్ హాబ్డే వీపు నిటారుగా పెట్టి, చేతులు వెనక్కి కట్టుకునే నడుస్తాడు. టీవీ సీరియల్లో ఏళ్ల తరబడి కానిస్టేబుల్ డాబిన్ వేషం అతనిదే. అందులో సగం కథలు రాసేదీ అతనే. ఇంకో వేషం అడిగితే నిర్మాతలు నవ్వుతారు. "ఏం కానిస్టేబుల్ గారూ, ఇవాళ దొంగలకు సెలవా?" అని చేపలావిడ అడిగితే, తలమీద లేని టోపీ సవరించుకుని సెల్యూట్ కొడతాడు. కొట్టకపోతే ఆవిడ చిన్నబుచ్చుకుంటుంది.

మొన్న శీతాకాలంలో అతనొక కథ రాశాడు. గడ్డకట్టిన కాలువలో పడ్డ కుక్కపిల్లను కాపాడబోయి డాబిన్ చచ్చిపోతాడు. స్టూడియోలో అది చదివి వినిపించినప్పుడు టీ పోసే ఆవిడ కూడా ఏడ్చింది. నిర్మాత మార్జరీ ముక్కు తుడుచుకుంది.

"చావు ఎంత బాగా రాశావు సిరిల్! ఇలాగే తీద్దాం. పైవారం బతికించెయ్."

"చచ్చినవాణ్ని ఎలా బతికించను?"

"భలేవాడివే, రాసేది నువ్వేగా! డాబిన్ లేకపోతే ఈ సీరియల్ ఎవడు చూస్తాడు? మేమంతా ఏమైపోవాలి?"

అందరూ అతని వైపే చూస్తున్నారు. సిరిల్ టైప్‌రైటర్ దగ్గరికి లాక్కుని, డాక్టర్ చెప్పాల్సిన మాట కొట్టాడు: "ఆగండి, నాడి ఆడుతోంది."