ఆదినారాయణ అయిపోయిన రోజు

బిలాస్‌పూర్ ఆదినారాయణ ఇప్పటికి నాలుగు వందల సార్లు చచ్చిపోయాడు. ఒకసారి ఆయన చావు చూసి కళ్ళు తుడుచుకుంటూ స్టేషన్‌కి పోయిన జనం, కన్నీళ్ళలో బోర్డు కనబడక, హౌరా బండి అనుకుని కట్నీ బండెక్కేశారు. నమ్మనివాళ్ళు కట్నీ వెళ్ళి అడగవచ్చు. వాళ్ళలో కొందరు అక్కడే ఇళ్ళు కట్టుకున్నారు.

పగలు ఆయన లోకో షెడ్డులో ఫిట్టరు. డ్యూటీ దిగి, చేతులకంటిన మడ్డి వదిలించుకుని ఆంధ్ర సమాజం హాలుకి పోయాడంటే రాజో, జమీందారో, గజదొంగో. వేషం ఏదైనా చివరికి చచ్చిపోవలసిందే. మొదట్లో వేరే వేషాలు కూడా ఇచ్చి చూశారు. పెళ్ళికొడుకుగా నిలబెడితే, "ఇతగాడు ఎప్పుడు పోతాడు?" అని ప్రేక్షకులు పక్కవాళ్ళని అడిగారు. సమాజం వాళ్ళు ఆ ప్రయత్నం మానుకున్నారు.

పోనీ ఆ చావైనా త్వరగా తెమిలేదా? పొట్టలో కత్తి దిగాక తూలుతూ స్టేజీ ఈ చివరి నుంచి ఆ చివరికి నడిచేవాడు. తల్లిని తలుచుకునేవాడు. శత్రువుని క్షమించేవాడు. మళ్ళీ మనసు మార్చుకుని శపించేవాడు. హార్మోనియం కామేశ్వరరావు ఈలోగా బయటికి పోయి టీ తాగి వచ్చేవాడు. ఒకసారి పొడిచే వేషం గార్డు తిరుమలరావుది. అతనికి డ్యూటీ వేళ దాటిపోతోంది. కత్తి చేత్తో పట్టుకునే ఆదినారాయణ చెవి దగ్గరికి వంగి, "సావవయ్యా బాబూ, నా బండి ఎల్లిపోద్ది!" అని బతిమాలాడు. ఆదినారాయణ ఒక కన్ను తెరిచి చూసి, ఇంకో పద్యం ఎత్తుకున్నాడు.

రిటైరయ్యాక సినిమా కూడా పిలిచింది. రాయపూర్ నుంచి వచ్చే ఛత్తీస్‌గఢీ సినిమా వాళ్ళు ఒకదాంట్లో కోర్టు బంట్రోతు వేషం ఇచ్చారు. ఇంకోదాంట్లో రైలు కిటికీలోంచి ఆయన వీపు మాత్రం కనబడింది. ఆ వీపుని సెల్‌ఫోన్లో చూపిస్తూ, తాముండే తోర్వా పేటలో ఇంటింటికీ తిరిగి, "ఎలా చేశాను?" అని అడిగాడు.

ఇన్నిసార్లు చచ్చిన మనిషిని ఒక్కసారి కూడా చావగా చూడనిది ఆయన భార్య నీలవేణి ఒక్కతే. చీపురుపల్లి నుంచి కాపురానికొచ్చిన కొత్తలో నాటకానికి వెళ్ళింది. కత్తి పైకి లేవగానే కళ్ళు గట్టిగా మూసుకుని, "ఓలమ్మో, నా పెనిమిటిని సంపేత్తన్నారు!" అని కేక పెట్టింది. జనం అదీ నాటకమేననుకుని చప్పట్లు కొట్టారు.

ఆ రాత్రే ఒప్పందం కుదిరింది. చచ్చే సీను తీశాక, కీడు పోవడానికి, ఆ నటుడి చేత కెమెరా ముందు నవ్వించి ఒక ముక్క తీస్తారు సినిమావాళ్ళు. ఆ ఆనవాయితీ గురించి నీలవేణి ఎక్కడో విని ఉంది.

"తెర పడగానే లేచి నవ్వాల. బయటున్న నాకు వినబడాల. ఏ రోజు నవ్వు వినబడదో ఆ రోజుతో నీ యేషాలు బంద్" అంది.

"నవ్వడానికేటే, ఎంతసేపైనా నవ్వుతాను" అన్నాడాయన.

నవ్వాడు కూడా. తెర పడీ పడకముందే లేచి, నడుం మీద చెయ్యేసి నవ్వితే పై కప్పు రేకులు అదిరేవి. నాటకం మధ్యలో నిద్రపోయినవాళ్ళు కూడా ఆ నవ్వు కోసం లేచి కూర్చునేవారు. నీలవేణి పక్క గుమ్మం బయట నిలబడి, అది చెవిన పడ్డాక ఇంటికి పోయి కూర వెచ్చబెట్టేది.

ఈ ఏడాది ఊరి చివర లాల్‌ఖదాన్‌లో రైలు పట్టాల పక్కన ఒక సినిమా మొదలుపెట్టారు. "పెళ్ళికొడుకు తండ్రి యేషం" అని చెప్పి ఆదినారాయణ పొద్దున్నే బయల్దేరాడు. అబద్ధం కాదు. కాకపోతే ఆ తండ్రి మొదటి సీన్లోనే పాడె మీద ఉంటాడు. ఆ ముక్క ఇంట్లో చెప్పలేదు. కత్తి సంగతి వేరు, పాడె ఎక్కడానికి నీలవేణి చచ్చినా ఒప్పుకోదు. ఆయనకేమో సినిమాలో ముఖం తెర నిండా కనబడే వేషం ఇదే మొదటిది.

సీను అయింది. నవ్వు ముక్క తీయబోతుంటే మబ్బు కమ్మి వెలుతురు పోయింది. "కల్ సుబహ్" అని మిగతాది మర్నాటి పొద్దుటికి వాయిదా వేశాడు డైరెక్టరు. షూటింగు చూడడానికి వెళ్ళిన మనీష్ అప్పటికే పాడె మీది ఫోటో సమాజం వాట్సాప్ గ్రూపులో పెట్టేశాడు. మనీష్ బ్యాంకు ఉద్యోగి, సమాజానికి జాయింటు సెక్రటరీ. తెలుగువాడే గాని ఆలోచన హిందీలో వస్తుంది, మాట తెలుగులో పోతుంది. తాతగారి పని "హో గయా", అంటే పూర్తయింది, అని చెప్పాలనుకున్నాడు. ఫోటో కింద ఇలా రాశాడు: "మన ఆదినారాయణ తాతగారు అయిపోయారు."

అందరికంటే ముందు పక్కింటి బుజ్జమ్మ పరిగెత్తుకొచ్చింది. "ఓలమ్మా నీలవేణీ! ఎంత పనైపోనాదే!"

"ఏటైనాది వదినా? ఎవులికి?"

బుజ్జమ్మ ఫోను చేతికిచ్చింది. ముక్కుల్లో దూది. మెడలో దండ. గడ్డం కింద నుంచి తల మీదికి కట్టిన గుడ్డ. నీలవేణి గోడకి జారగిలబడి కిందికి కూలబడింది.

ఇల్లు నిండిపోయింది. ఆయన ఫోను సినిమావాళ్ళ సంచిలో మోగి మోగి ఊరుకుంది. "ఇదీ యేషమేమో" అన్నాడు కామేశ్వరరావు, గొంతులో నమ్మకం లేకుండా.

"పెళ్ళికొడుకు తండ్రి యేషమని సెప్పి ఎల్లాడు అన్నయ్యా. పెళ్ళిలో పాడె ఏటి?" అంది నీలవేణి.

ఫోటోని కళ్ళకి మరీ దగ్గరగా పెట్టుకుంది. వేషంలో చచ్చిన మొగుడు ఎలా ఉంటాడో చూసి ఉంటే ఇప్పుడు పోల్చుకునేది. దేనితో పోల్చుకుంటుంది? ఏడుపు కూడా రాలేదు.

"నవ్వాడా?" అని అడిగింది.

"ఏటే, ఏటి మాటాడతన్నావు?" బుజ్జమ్మ హడలిపోయింది.

"ఆకర్న నవ్వాడా, లేదా?"

అప్పుడు వీధి మలుపులో ఆదినారాయణ కనబడ్డాడు. ఆటో దొరక్క నడిచొచ్చాడు. నుదుటి మీద విభూతి, ముఖమంతా శవం రంగు పౌడరు, అలాగే ఉన్నాయి. తన గుమ్మం ముందు అన్ని చెప్పులు చూసి, అక్కడ నిలబడ్డ అప్పలస్వామి భుజం తట్టి, "ఎవులు పోనారు బావా?" అని అడిగాడు. అప్పలస్వామి వెనక్కి తిరిగి చూశాడు. ఒక్క గెంతు గెంతి మురిక్కాలవలో పడ్డాడు. అక్కణ్ణుంచి పక్క స్టేషను ఉస్లాపూర్ దాకా ఆగలేదని చెప్పుకుంటారు. లోపల ఆడవాళ్ళు పెట్టిన కేకకి గూడ్సు బండి కూత కూడా వినబడలేదు.

మనీష్ వెనకాలే రొప్పుతూ వచ్చాడు. "అరే, హో గయా అంటే అయిపోయారు కదా? మైనే గలత్ క్యా లిఖా, తప్పేం రాశాను?"

"నోర్ముయ్‌రా! పని అయిపోద్ది. మనిషి అయిపోతే ఏటో తెలీదా నీకు?" అన్నాడు కామేశ్వరరావు.

ఆదినారాయణకి అప్పుడు అర్థమయింది. నీలవేణి వైపు చూశాడు. ఆమె లేవలేదు. దేవుడి పటం ముందుండే కుంకుమ భరిణెని ఎవరో తీసి, చేతికందకుండా అలమరా మీద పెట్టేశారు. దాన్నీ చూశాడు.

"నవ్వవయ్యా!" అని అరిచాడు కామేశ్వరరావు. "నవ్వీ! ఆ యమ్మకి పానం లేచొస్తాది!"

ఆదినారాయణ నడుం మీద చెయ్యేసుకున్నాడు. ఛాతీ విరిచాడు. నోరు తెరిచాడు. ఏమీ రాలేదు. మళ్ళీ తెరిచాడు. ఎండిపోయిన బోరింగు కొట్టినట్టు గాలి శబ్దం మాత్రం వచ్చింది. పౌడరు మీద రెండు చారలు దిగాయి. ఇంతమంది ముందు ఇన్నేళ్ళు నవ్విన మనిషి, ఒక్క మనిషి ముందు నవ్వలేక నిలబడిపోయాడు.

నీలవేణే లేచింది. ఆయన చెంప తడిమి, అరచేతికంటిన పౌడరు చూసుకుంది. పీట వేసుకుని అలమరా మీది భరిణె దింపింది.

"మొకం కడుక్కుని రా. సారు కాస్తాను" అంది.

మర్నాడు పొద్దున్న నవ్వు ముక్క కోసం సినిమావాళ్ళ జీపు వచ్చి గుమ్మం ముందు ఆగింది. ఖాళీగానే వెనక్కి పోయింది. ఆ తర్వాత ఆదినారాయణ ముఖానికి రంగు పూసుకోలేదు.

ఎందుకో తోర్వాలో అందరికీ తెలుసు. పాత ఒప్పందం గుర్తుచేసి, అరచేతిలో కర్పూరం వెలిగించి నీలవేణి ఒట్టు వేయించుకుందట. చీపురు పట్టుకుని ఆ డైరెక్టరుని రాయపూర్ దాకా తరిమిందట. పరిగెత్తేటప్పుడు అతని చెప్పు ఒకటి ఊడితే, దాన్ని కూడా విసిరికొట్టిందట. సమాజం హాల్లో ఈ కథ చెబుతుంటే ఆదినారాయణ చివరిదాకా విని, లేచి, ఇంతే అన్నాడు:

"అదేటీ లేదు. ఆవిడ ఒక్క మాట అన్లేదు. నాకు నవ్వు రాలేదు, మానీసినాను."