కాలిక్యులేటర్‌లో బాపమ్మ ఆట

పోయిన నెల ఎండుమిర్చి కొనడానికి మా అమ్మాయిని వెంటబెట్టుకుని ఎనుమాముల మార్కెట్‌కు వెళ్లాను. యార్డు నిండా ఎర్రగా పోసిన మిర్చి రాశులను చూస్తే ఎవరికైనా ఫొటో తీసుకోవాలనిపిస్తుంది కదా, నేనూ ఫోను పైకెత్తాను. లోపల చోటు లేదనీ, ముందు ఏవైనా తీసెయ్యమనీ అది మొండికేసింది. మా అమ్మాయి ఒకవైపు తుమ్ముతూనే దాన్ని నా చేతిలోంచి తీసుకుని, నేను కళ్లద్దాలు సర్దుకునేలోగా బోలెడు బొమ్మలూ, నాలుగైదు ఆటలూ చెరిపేసి తిరిగి ఇచ్చింది. ఏం పోయాయో ఆమె చూడలేదు, నేనూ అడగలేదు. ఆ ఘాటుకు కళ్లు తుడుచుకుంటూనే నాకు నవ్వొచ్చింది. ఒకప్పుడు ఇదే మార్కెట్‌కు వచ్చే రోడ్డు కోసం ఒకే ఒక్క ఆటను తీసెయ్యాల్సి వచ్చి, మా ఇల్లంతా కిందా మీదా పడింది.

ఎస్టీడీ బూత్‌ల ముందు వరుసలో నిలబడ్డ మన తరం వాళ్లకు ఈ సంగతి తొందరగానే అర్థమవుతుంది. నేను సివిల్ డిప్లొమా పూర్తి చేసి, మా నాన్నకు అన్న అయిన పెద్దబాపు దగ్గర పనికి చేరిన కొత్త రోజులవి. ఆయనది సర్వే ఆఫీసు. ఆఫీసు అంటే పెద్దగా ఊహించుకోకండి, కొత్తవాడలో మా ఉమ్మడి ఇంటి ముందు గది, అంతే. మా తాత ఉన్నన్నాళ్లూ ఆ గదిలో గుంటమగ్గం ఉండేది, దాని మీద జంపఖానాలు నేసేవాళ్లు. తాత పోయాక మగ్గం అమ్మేసి, గుంట పూడ్చి, గచ్చు చేయించి, సరిగ్గా అక్కడే పెద్దబాపు తన బల్ల వేసుకున్నారు. మా బాపమ్మకు, అంటే నాన్నమ్మకు, మాత్రం అది ఆఫీసని ఎవరూ నచ్చజెప్పలేకపోయారు. పెళ్లయి వచ్చిన నాటి నుంచీ తాతతో పాటు కూర్చుని నేసిన గది అది. మధ్యాహ్నం భోజనం కాగానే వచ్చి, నక్షాలు చుట్టి పెట్టిన మూల పక్కన పీట వేసుకుని కూర్చునేది. చూపు మందగించినా చేతులు ఊరుకునేవి కావు, చీర అంచునో, బల్ల గుడ్డ కుచ్చులనో ఏదో ఒకటి అల్లుతూ విప్పుతూ ఉండేది.

ఆ ఆఫీసుకు అలంకారం లాంటిది ఒక గ్రాఫింగ్ కాలిక్యులేటర్. మస్కట్‌లో రోడ్ల కంపెనీలో పనిచేసే పెద్దమ్మ తమ్ముడు సెలవులకు వచ్చినప్పుడు పెద్దబాపుకు కానుకగా ఇచ్చాడు. మామూలు కాలిక్యులేటర్లకు ఒక వరుస అంకెలు పట్టేంత కిటికీయే ఉంటే, దీనికి అరచేతిలో సగం ఉండే తెర. గీతలూ వంపులూ గీసి చూపించేది, మనం లెక్క చేసే పద్ధతిని ఒకసారి ప్రోగ్రాంగా రాసిపెడితే ఎప్పుడడిగితే అప్పుడు చేసి పెట్టేది. పెద్దబాపు దాన్ని గుడ్డలో చుట్టి బీరువాలో పెట్టేవారు. ఆయన అటు సైటుకు పోగానే, ఆయన కొడుకు, నాకు వరసకు అన్న, ఇటు బీరువా తెరిచేవాడు. కాలేజీలో ఎవరెవరి దగ్గరో తెచ్చుకున్న కాగితాలు ముందేసుకుని, మీటమీటా నొక్కుతూ అందులోకి ఆటలు ఎక్కించడమే మా అన్నగారి చదువు. పాము ఆట, బైకు పందెం, జాతకం చెప్పే ఆట, చివరికి క్రికెట్ కూడా ఎక్కించాడు. అందులో బ్యాటు ఒక గీత, బంతి ఒక చుక్క, ఔటయ్యామో లేదో దానికే తెలియాలి.

వాటన్నింటిలో ఒకటి పై నుంచి రకరకాల ఆకారాల ముక్కలు జారుతూ ఉంటే, సందు లేకుండా పేర్చి వరుస నింపే ఆట. అన్న ఆడుతుంటే ఒకరోజు బాపమ్మ కళ్లు చికిలించి చూసి, తనకిమ్మంది. ఆ చిన్న యంత్రానికి అంత వేగం ఎక్కడిది, ముక్కలు ఆలోచించుకుంటూ ఆలోచించుకుంటూ దిగేవి, ఆ నెమ్మది బాపమ్మ చూపుకు సరిగ్గా సరిపోయింది. మొదటి వరుస నిండి కళ్లెదుటే చెరిగిపోతే మాత్రం కంగారుపడింది.

"ఏందే ఇది, నిండంగనే మాయమైతాంది?"

ఆట అంటేనే అది, నిండితే పోవాలి అని నేను చెప్తే ఇంకో వరుస నింపి చూసి, "మంచిగనే ఉంది. నేసినదాన్ని అమ్ముకునే ఫికర్ లేదు" అంది.

ఆ రోజు నుంచి మధ్యాహ్నాలు ఆ కాలిక్యులేటర్ బాపమ్మదే. చీర అంచులు బతికిపోయాయి. పెద్దబాపు మొదట్లో గొణిగేవారు గానీ, తల్లి పడుగు చూసినంత శ్రద్ధగా ఆ తెరను చూస్తుంటే తనే పక్కన కూర్చుని ముక్కలు ఎటు తిప్పాలో సలహాలిచ్చే స్థితికి వచ్చేశారు.

అలా ఉండగా మార్కెట్‌కు పోయే ఒక పక్క రోడ్డు పని వచ్చింది. దారిలో ఉన్న పాత మోటబావిని తప్పించి రోడ్డును వంపు తిప్పాలి, పత్తి బండ్లు రావడం మొదలయ్యేలోగా మట్టిపని కావాలి. కొలతలు తీసుకోవడం అయింది, ఇక వంపు పొడుగునా మేకులు పాతి చూపించడమే మిగిలిందనగా పెద్దబాపుకు కామెర్లు వచ్చి దవాఖానలో పడ్డారు. గుత్తేదారు చూడటానికని వచ్చి, మంచం పక్కన పండ్లు పెట్టి, నా వైపు ఒకసారి చూసి, మీరు లేచేదాకా పని ఆపుదామా అని మెల్లగా అడిగాడు. ఆయనను తప్పుపట్టలేను. అప్పటికి మా చుట్టుపక్కల కోణాలు కొలిచే థియోడలైట్ భుజాన వేసుకుని రోడ్డు మీద నిలబడ్డ ఆడపిల్లను ఆయన ఎక్కడా చూసి ఉండడు. పెద్దబాపు పచ్చబడ్డ కళ్లు తెరిచి ఒక్క మాట అన్నారు.

"ఆగుడెందుకు? మా బిడ్డ జేస్తది."

ఆ మాటతో నాకు ధైర్యం వచ్చిందని చెప్పను. సోమవారం పొద్దునకల్లా కూలీలు వస్తారు. బావి గట్టు అడ్డం ఉండటం వల్ల ఒకే చోట నిలబడి వంపంతా చూడటం కుదరదు, పరికరాన్ని జరుపుకుంటూ పోవాలి, జరిపినప్పుడల్లా కోణాల లెక్క మళ్లీ చెయ్యాలి. సైటులో నలుగురి కళ్లముందు తడబడితే ఇక నా పని అంతే. అందుకని ఆ లెక్కంతా కాలిక్యులేటర్‌లో ప్రోగ్రాంగా రాసి పెట్టుకుందామని ఆదివారం భోజనమయ్యాక కూర్చున్నాను. సగం రాశానో లేదో, మెమొరీ చాలదని చెప్పి ఆగిపోయింది.

అన్నను పిలిచాను. లోపల ఏమేం ఉన్నాయో, ఏది ఎంత చోటు తింటోందో చూపించే పట్టిక ఒకటుందని అప్పుడే నాకు తెలిసింది. పై నుంచి కిందిదాకా ఆటలే. మధ్యలో ఎక్కడో ఇరుక్కుని పెద్దబాపు పొలాల విస్తీర్ణం లెక్క. అన్న తలగోక్కుని, రీసెట్ కొట్టేస్తే అన్నీ ఒక్క దెబ్బతో పోతాయి, పీడా వదులుతుంది అన్నాడు. మరి బాపమ్మది, పెద్దబాపుది అని అడిగితే మళ్లీ పట్టిక మీదికి వంగాడు. సరే, ఒక్కొక్కటే తీద్దామన్నాం. బైకు పందెం పోయింది. పాము పోయింది. జాతకం పోయేముందు నా జాతకం ఒకసారి చూద్దామన్నాడు అన్న. చూశాం, నాకు సముద్రయానం ఉందని చెప్పింది, అదీ పోయింది. క్రికెట్ దగ్గర మాత్రం మావాడు కాళ్లబేరానికి వచ్చాడు. దాన్ని ఎక్కించడానికి ఎంత కష్టపడ్డాడో, ఎవరెవరిని బతిమాలాడో ఏకరువు పెట్టాడు. చివరికి తన చేత్తో తీసెయ్యలేక కళ్లు మూసుకుని నన్నే నొక్కమన్నాడు.

అయినా చోటు చాలలేదు. పట్టికలో అన్నింటికంటే లావుగా మిగిలింది బాపమ్మ ఆటే.

బాపమ్మ అక్కడే పీట మీద ఉంది. మేం గుసగుసలాడటం ఆమె వింటూనే ఉంది. నేను ఎలా చెప్పాలా అని మాటలు వెతుక్కుంటుంటే తనే చెయ్యి చాపి కాలిక్యులేటర్ తీసుకుంది.

"నా ఆట కోసం రోడ్డు ఆగుతదా బిడ్డా. తీసెయ్యి. జర ఈ ఒక్కసారి ఆడనియ్యి."

ఆ ఒక్కసారి చాలాసేపు సాగింది. అంత జాగ్రత్తగా ఆమె ఆడటం నేనెప్పుడూ చూడలేదు. చివరికి ముక్కలు పైదాకా పేరుకుపోయాక కొంగుతో తెర తుడిచి నా చేతికిచ్చి, బియ్యం ఏరుకుంటానని లోపలికి పోయింది. నేను తొలగించే మీట మీద వేలు పెట్టాను గానీ నొక్కడానికి మనసొప్పలేదు. అసలు ఈ ఆట ఇంత లావెందుకుందో చూద్దామని ప్రోగ్రాం తెరిచి పై నుంచి చదవడం మొదలుపెట్టాను. చదువుతుంటే అర్థమైంది, అందులో ఆట కొంచెం, మా అన్న గొప్పలు ఎక్కువ! ఆట మొదలయ్యేముందు వాడి పేరు నాలుగు దిక్కుల నుంచీ వచ్చి తెర మధ్యలో కలుసుకోవాలి, ఓడిపోతే వాడు తయారుచేసిన పుర్రె బొమ్మ రావాలి, గెలిస్తే తోరణాలు రావాలి. బాపమ్మ ఇంగ్లీషు చదవదు కనుక ఇన్నాళ్లూ అవన్నీ గబగబా మీటలు నొక్కి దాటేస్తోంది. పేరు తీసేశాను, పుర్రె తీసేశాను, తోరణాలు తెంపేశాను. ఏ వరుస దేనికో తెలియక ఒకటి తీసి, ఆడి చూసి, చెడితే మళ్లీ పెట్టి, అలా ఆ ఆట లోపలంతా కలియదిరిగాను. పొద్దు వాలేసరికి నా రోడ్డు లెక్కా, ఆమె ఆటా రెండూ అందులో పట్టాయి. బాపమ్మను పిలిచి చూపిస్తే, ఏరుతున్న బియ్యం చేట పక్కన పెట్టి పీట మీదికి వచ్చేసింది.

కథ ఇక్కడితో అయిపోతే బాగుండేది. సోమవారం సైటులో మొదటి మేకులు చకచకా పడ్డాయి, గుత్తేదారు కూడా తన గొడుగు జరిపి నాకు నీడ ఇచ్చాడు. పరికరాన్ని బావి అవతలికి జరుపుతుండగా చంకలో పెట్టుకున్న కాలిక్యులేటర్ జారి రాళ్ల మీద పడింది. వెనక మూత ఊడి బ్యాటరీలు తలా ఒక దిక్కుకు దొర్లాయి. అవి ఊడినా జ్ఞాపకాన్ని కాపాడాల్సిన చిన్న బిళ్ల బ్యాటరీ లోపల ఎప్పుడో చచ్చిపోయి ఉందని మాలో ఎవరికీ తెలియదు. అన్నీ ఏరి పెట్టి మీట నొక్కితే తెర వెలిగింది, లోపల మాత్రం ఏమీ లేదు. నా ప్రోగ్రాం లేదు, పెద్దబాపు లెక్క లేదు, బాపమ్మ ఆట లేదు.

గుత్తేదారు ఏమైందని అడిగితే ఏం చెప్పానో కూడా గుర్తు లేదు. కాసేపు ఆ గట్టు మీదే కూర్చున్నాను. ఆలోచిస్తే, లెక్క రాసింది నేనే కదా, దాని మెలికలన్నీ నా బుర్రలో ఉన్నాయి. కొలతలు ఫీల్డు బుక్కులో ఉన్నాయి. యంత్రం బతికే ఉంది, కూడికలూ గుణకారాలూ చేస్తుంది. లేచి ఒక్కో మేకుకూ ఒక్కో లెక్క మొదటి నుంచీ కట్టుకుంటూ పోయాను. పొద్దున చకచకా పడిన మేకులు ఇప్పుడు నత్తనడక నడిచాయి, కూలీలు చెట్టు కింద బీడీలు కాల్చుకున్నారు, గుత్తేదారు విసుగు దాచుకోవడానికి మార్కెట్ దాకా పోయి చాయ్ తాగి వచ్చాడు. సాయంత్రానికి వంపు తిరిగి తిరిగి తిన్నటి రోడ్డును కలవాల్సిన చోటుకు వచ్చింది. చివరి మేకు ఎక్కడ పడుతుందా అని అందరం వంగి చూశాం. పెద్దబాపు ముందే గుర్తుపెట్టిన రాయికి వేలెడు పక్కన పడింది.

"సరిగనే కూసుంది," అన్నాడు గుత్తేదారు. ఆయన అంతకంటే ఎక్కువ అనలేదు, నాకు అంతకంటే అవసరమూ అనిపించలేదు.

ఇంటికి పోయి జరిగింది చెప్తే, బాపమ్మ రోడ్డు సంగతే అడిగింది గానీ ఆట ఊసెత్తలేదు. మర్నాటి మధ్యాహ్నం మళ్లీ బల్ల గుడ్డ కుచ్చులు అల్లడం మొదలుపెట్టింది. అది చూస్తూ కూర్చోవడం నా వల్ల కాలేదు. అన్న దగ్గర కాగితాలెక్కడివి, ఎప్పుడో చిత్తుకు పోయాయి. కానీ కత్తిరించేటప్పుడు దాని ఎముకా ఎముకా చూశాను కదా, నాకు గుర్తున్నంత మేరకు నేనే రాయడం మొదలుపెట్టాను. మొదట ముక్కలు తిరగలేదు, తర్వాత తిరిగి గోడల్లోంచి బయటకు పోయాయి. వారం తిరిగేసరికి ఒక రూపానికి వచ్చింది. బాపమ్మ చేతికిచ్చి పక్కనే కూర్చున్నాను. ఆమె కాసేపు ఆడి, తల వంచి చూసి, "వంకర ముక్క యాడవోయింది?" అంది. నిజమే, మెలిక తిరిగిన ముక్క ఒకటి ఉండేది, దాన్ని పూర్తిగా మర్చిపోయాను. రేపు రాసి పెడతానన్నాను.

"వద్దు బిడ్డా, రాకుంటేనే మంచిగుంది. అది నాకు ఎన్నడు కుదరలె."

దవాఖాన నుంచి పథ్యం పట్టికతో ఇంటికొచ్చిన పెద్దబాపు, తల్లి పక్కన కూర్చుని ఆ మాట విని, జబ్బుపడ్డాక మొదటిసారి కడుపు పట్టుకుని నవ్వారు. తర్వాత చాలా ఏళ్లు నేను ఆయనతో పనిచేశాను, ఊరి చుట్టూ ఎన్నో రోడ్లకు మేకులు పాతాను. బాపమ్మ వెళ్లిపోయింది, ఆ తర్వాత పెద్దబాపూ వెళ్లిపోయారు. ముందు గదిని అన్న వేరే వాళ్లకు అద్దెకిచ్చాడు, కొత్తవాడలో మగ్గాల చప్పుడు వినాలంటే ఇప్పుడు సందులు వెతకాలి.

ఒక వస్తువును ఇంటిల్లిపాదీ వాడుకోవడంలో ఇరుకు ఉండేది, గొడవలూ ఉండేవి, ఇప్పుడు వాటిని గొప్పగా చెప్పుకోవాలని కాదు. కాకపోతే చోటు చాలదని తెలిసినప్పుడల్లా ఎవరిది తియ్యాలో ఒకరినొకరం అడగాల్సి వచ్చేది, అడిగే వంకతోనే ఎవరికి ఏది ఇష్టమో తెలిసేది. ఇప్పుడు మా ఇంట్లో ఎవరి ఫోను వాళ్లది, చోటు చాలకపోతే ఎవరినీ అడక్కుండానే చెరిపేస్తాం. మా అమ్మాయి చెవుల్లో ఆ చిన్న గుండీలు పెట్టుకుని ఏదో ఆడుకుంటూ తనలో తాను నవ్వుకుంటూ ఉంటుంది. అది ఏం ఆటో నాకు ఇంతవరకూ తెలియదు.