కూలిన గోడ కోసం

మద్రాసులో ఏడెనిమిదేళ్లు తెరలకు బొమ్మలు రాసి, సెట్లు కట్టాక నేనే ఒక సినిమా తీయడానికి పూనుకున్నాను. నిర్మాతనూ నేనే, కళాదర్శకుణ్ణీ నేనే. యుద్ధం రోజులు, ముడి ఫిల్ము దొరకడమే గగనం. కథలో ఒక రైతు కుటుంబం కరువుకు ఊరు విడిచిపోయి, కొన్నేళ్లకు తిరిగొచ్చి కూలిపోయిన తమ ఇంటిని చూస్తుంది. ఆ ఇంటి కోసం హైదరాబాదు దగ్గరి శామీర్‌పేట చుట్టుపక్కల తిరిగాను.

ఊరి చెరువుకు కాస్త దూరంలో ఒక ముస్లిం రైతు ఇల్లు కనబడింది. వానలకు వీధివైపు మట్టిగోడ సగం పడిపోయి, లోపలి దీపపుగూడు, పొగచూరిన దూలం బయటికి కనిపిస్తున్నాయి. ఇంటివాళ్లు వెనక గదుల్లో సర్దుకుని ఉంటున్నారు. యాభై దాటిన ఆ రైతు, షూటింగుకు ఇల్లు అడగ్గానే ఒప్పుకున్నాడు.

"మా ఇల్లు సినిమాల కనవడ్తదా సాబ్?" అని రెండుసార్లు అడిగాడు.

కనబడుతుంది, లోకమంతా చూస్తుందన్నాను. పడిపోయిన గోడ కోసమే వచ్చానని చెప్పడానికి నోరు రాలేదు. కొలతలు తీసుకుని వెళ్లిపోయాను.

పదిహేను రోజుల తర్వాత మేడ్చల్ స్టేషన్‌లో సామాను దించుకుని ఎడ్లబండ్ల మీద శామీర్‌పేట చేరాం. గోడ నిండుగా నిలబడి ఉంది. పైన తెల్లగా సున్నం.

"లోకమంతా సూస్తదంటిరి గద," అన్నాడు రైతు సంతోషంగా. "పడ్డ గోడ సూపిస్తే మా ఇజ్జత్ ఏంగావాలె? ఇంటిల్లిపాది మట్టి తొక్కినం."

"ఒక్క పూటలో పడగొట్టించవచ్చు," అన్నాడు కెమెరామన్ నా చెవిలో. నిర్మాతగా నాకూ అదే తోచింది. ఇంతలో రైతు భార్య మాకు చాయ్ తెచ్చింది. సున్నానికి ఆమె వేళ్లు పగిలి ఉన్నాయి. పడగొట్టే మాట ఎత్తలేకపోయాను.

"చాచా, నాకు కావలసింది ఆ పడిన గోడే. ముందే చెప్పకపోవడం నా తప్పు," అన్నాను.

అతని ముఖం చిన్నబోయింది. వెళ్లి సున్నం గోడ మీద చెయ్యి వేశాడు.

"గా ముచ్చట అప్పుడే జెప్తే గింత పరేషాన్ లేకుండె. గీ గోడనైతే ముట్టనియ్య. ఎనక జాగ ఉంది, ఆడ కట్టుకోండ్రి."

మట్టి ముద్దలు పేర్చి గోడ లేపాం. విరిగినట్టు కనిపించడానికి నేను పైఅంచును ఉలితో చెక్కుతుంటే అతను వచ్చి నిలబడ్డాడు.

"గట్ల పడది సాబ్. నీళ్లు అడుగును తింటయి. అడుగు మెత్తవడితే నడుమ కుంగుతది."

నా పనివాళ్లను పక్కకు జరిపి, బిందెలతో గోడ అడుగున నీళ్లు పోయించాడు. మూడో రోజుకు అది నిజంగా వాన కూల్చిన గోడ అయింది. ఎన్ని సెట్లు కట్టినా ఆ సంగతి నాకు అప్పటిదాకా తెలియదు.

ఆ సాయంత్రం కథలో చిన్న మార్పు చేశాను. తిరిగొచ్చిన కుటుంబానికి మంచినీళ్లిచ్చే పొరుగిల్లు ఒకటి చేర్చి, రైతు తెల్లగోడను ఆ ఇంటిదిగా చూపించాం.

సికిందరాబాద్‌లో సినిమా ఆడినప్పుడు భార్యాభర్తలిద్దరినీ తీసుకెళ్లాను. తమ గోడ కనబడగానే ఆమె, "అగో, మన ఇల్లు!" అని లేచి నిలబడింది. వెనకవాళ్లు కూర్చోమని అరిచారు. రైతు మాత్రం తెర మీంచి చూపు తిప్పలేదు.

సినిమా ఎక్కువ రోజులు ఆడలేదు. మరొకటి తీసి, అదీ పోయాక నిర్మాణం మానుకున్నాను. సెట్లు కట్టే పనిలోనే ఉండిపోయాను. నాకు వచ్చిన పని అదే.